గీయని మూడో గీత

ఆ షెడ్డులో ఆమెను అందరూ చుక్కమ్మ అనేవాళ్లు. ఆమె అసలు పేరు హాజరు పట్టీ దాటి బయటికి వచ్చేది కాదు.

ఇనుప పలకలు కోసి, అతికి, పెద్ద కట్టడాలకు పంపే షెడ్డు అది. మూడు మూలల పలకలు ఎక్కువగా తయారయ్యేవి. ఒక్కోటి మనిషికంటే పొడవు. పలకను గొలుసుతో పైకి ఎత్తాలంటే, కొక్కెం తగిలించే ఇనుప కన్నును అది ఎటూ వాలకుండా తూగే చోట అతకాలి. ఆ చోటు ఎక్కడో తేల్చడం చుక్కమ్మ పని.

ఆమె దగ్గర టేపు ఉన్నా దారాన్నే నమ్మేది. ఒక భుజం పొడవునా నూలుదారం లాగి పట్టి, అంతవరకు తెంపి, సగానికి మడిచేది. మడతను మూల నుంచి పరిచి, అది ఆగిన చోట సుద్దతో గీటు పెట్టేది. ఎదుటి మూల నుంచి ఆ గీటు దాకా ఒక గీత లాగేది. అలా మూడు మూలల నుంచి మూడు గీతలు. మూడూ కలిసిన చోట ఉలిమొన ఆనించి సుత్తితో ఒకే దెబ్బ వేసి చుక్క పెట్టేది. ఆ గీతలను మధ్యగత రేఖలంటారని, అవి కలిసే చోటును గురుత్వ కేంద్రమంటారని పదో తరగతిలో చదువుకుంది. అప్పుడు అట్టముక్క మీద గీసి, పెన్సిలు మొన మీద నిలబెట్టి, అది కదలకుండా ఉంటే ఊపిరి బిగబట్టి చూసింది. షెడ్డులో చేరి పదకొండేళ్లయినా, పలక పైకి లేచిన ప్రతిసారీ ఆ ఊపిరి అలాగే బిగిసేది.

ఆమెను ఈ పనిలో పెట్టింది అక్క మొగుడు. పలక లేచేటప్పుడు అంచు పట్టుకుని దారి చూపించే పని ఆయనది. గొలుసు లాగేది గొలుసు తాత. నడుం వంగిపోయినా ఆయన చేతిలో గొలుసు నీళ్లలా జారేది.

ఆ రోజు లారీ వచ్చి వాకిట్లో నిలబడింది. మేస్త్రి రెండుసార్లు వచ్చి చూసి వెళ్లాడు. చుక్కమ్మ రెండు గీతలు లాగి, మూడో దారం అందుకోబోయింది.

"ఏం మరదలా, ముగ్గులు అయ్యాయా లేదా?" అన్నాడు బావ.

"ఒక్క గీత ఉంది బావా."

"రెండు కలిసిన చోటికే కదా మూడోదీ వచ్చేది. అది వచ్చి చేసేదేముంది, పేరంటమా?"

తాత కిసుక్కున నవ్వాడు. చుక్కమ్మకూ నవ్వొచ్చింది. దారం కింద పడేసి, సుత్తి దెబ్బ వేసింది.

కన్ను అతికారు. తాత గొలుసు లాగాడు. పలక నడుం ఎత్తు దాకా లేచింది. అక్కడ ఒక పక్కకు తల వాల్చి, గిర్రున తిరిగి, మూల బావ పాదం మీదకు దిగింది. మూడు రోజుల తర్వాత ఆస్పత్రిలో ఆ పాదం చీలమండ దగ్గర తీసేశారు.

తాత గొలుసు కుదిపాడు కాబట్టే పలక ఊగిందని మేస్త్రి రాసుకున్నాడు. చుక్క సంగతి ఎవరికీ తట్టలేదు. చుక్కమ్మ చుక్క తప్పుతుందని అనుమానించడం ఆ షెడ్డులో ఎవరికీ అలవాటు లేదు. తాతను ఇక రావద్దన్నారు.

పలక పడిన మర్నాడు పొద్దున అందరికంటే ముందు వెళ్లి, మూలన పడి ఉన్న ఆ పలక దగ్గర ఆమె కూర్చుంది. మూడో భుజాన్ని దారంతో కొలిచి, మడిచి, మూడో గీత లాగింది. అది చుక్క మీదుగా పోలేదు. బెత్తెడు అవతలగా పోయింది. మూడు గీతల మధ్యా అరచేయంత త్రిభుజం ఒకటి మిగిలింది. ఎందుకో అర్థం కావడానికి ఎక్కువసేపు పట్టలేదు. ముందురోజు తొందరలో, చిన్న భుజం కొలిచిన దారాన్ని మడిచి పెద్ద భుజం మీద పరిచింది. ఏ రెండు గీతలైనా ఎక్కడో ఒకచోట కలుస్తాయి. అవి కలిసిన చోటు సరైనదో కాదో చెప్పేది మూడోదే.

ఆస్పత్రికి వెళ్లి బావకు చెప్పింది. ఆయన తలుపు వైపు ఒకసారి చూసి గొంతు తగ్గించాడు.

"ఇంకెవరికైనా చెప్పావా?"

"లేదు."

"చెప్పకు. నేనెలాగూ మంచాన పడ్డాను. నువ్వూ ఇంట్లో కూర్చుంటే మీ అక్క మనిద్దర్నీ ఎత్తుకుని తిరుగుతుందా?"

"తాత ఏం చేశాడు బావా?"

"ముసలాడికి ఇవాళ కాకపోతే రేపైనా పని మానేసే వయసేగా," అని మొహం తిప్పుకున్నాడు. కళ్లు తుడుచుకోవడం ఆమె చూడకూడదని.

ఆమె చెప్పలేదు. ఆ వారంలోనే పలకను ముక్కలుగా కోసి, కరిగించడానికి పంపేశారు.

నెల తిరిగేసరికి ఆమెకు అన్నం సయించడం మానేసింది. ప్రతి పలక మీదా మూడు గీతలు గీసి, మళ్లీ కొలిచి, మళ్లీ గీసేది. చివరికి ఒక మధ్యాహ్నం సెలవు పెట్టి తాత ఇంటికి వెళ్లింది. ఒకటే గది. ఆయన కిటికీ పక్కన కుర్చీలో, కుడిచెయ్యిని ఒళ్లో పెట్టుకుని కూర్చున్నాడు, అది ఎవరో దాచమని ఇచ్చి వెళ్లినట్టు.

"తప్పు నాది తాతా. చుక్క తప్పు పెట్టాను," అంది గుమ్మంలోనే.

తాత నవ్వాడు. "రామ్మా, కూర్చో."

ఆమె నేల మీద త్రిభుజం గీసింది. దారం మడిచి చూపించింది. తప్పు గీటు ఎక్కడ పడిందో, చుక్క ఎలా పక్కకు జరిగిందో వేలితో చూపించింది. తాత ఓపిగ్గా విన్నాడు.

"ఇవన్నీ నాకేం తెలుస్తాయమ్మా. నాకు తెలిసింది నా చెయ్యి. ఆ రోజు జారింది."

"జారలేదు. నేను పక్కనే ఉన్నా కదా."

"జారింది. మొదట్లో నేనూ లేదనే అనుకున్నాను. కూర్చుని కూర్చుని ఆలోచిస్తే ఇప్పుడు బాగా గుర్తొస్తోంది. వేళ్ల సందులోంచి గొలుసులో ఒక లింకు అలా వెళ్లిపోయింది."

"తాతా, నేను కొలిచి చూశాను."

"ఏదీ, ఆ పలక?"

"కరిగించేశారు."

"పదకొండేళ్లలో నువ్వు ఒక్కసారన్నా తప్పావా? ముసలాడి మీద జాలితో నెత్తిన వేసుకుంటున్నావు. వద్దు తల్లీ, నీకింకా బోలెడు బతుకుంది."

ఆమె ఏడవడం మొదలుపెట్టింది. తాత కుర్చీలోంచి కష్టంగా వంగి, ఎడంచేత్తో ఆమె తల నిమిరాడు. కుడిచెయ్యి ఒళ్లోంచి కదల్లేదు.

"నాకో సాయం చెయ్యి. మీ బావ దగ్గరికి వెళ్లే మొహం నాకు లేదు. తాత క్షమించమన్నాడని చెప్పు. ఒక్కసారి వచ్చి చూడనిస్తాడేమో అడుగు."

చుక్కమ్మ మొహం తుడుచుకుంది. చెప్పడానికి ఇంకేం మిగిలిందా అని వెతికింది.

"అడుగుతాను తాతా," అంది.