గీత ముట్టిన బావ

మొన్న శుక్రవారం ఇక్కడ గల్ఫ్‌లో, హమద్ టౌన్‌లోని మా అబ్బాయి ఇంట్లో మనవరాలు టీవీలో రగ్బీ పెట్టుకొని, ఈ కోడిగుడ్డులాంటి బంతి ఆట నీకేం తెలుసు తాతా అన్నట్టు చూసేసరికి నాకు నవ్వాగలేదు. గల్ఫ్ దేశాలన్నీ కలిసి జట్టు కట్టి పరాయి దేశాలతో ఆడుతున్న తొలి రోజుల్లో, ఆ జట్టు చొక్కా తొడుక్కున్నవాడు సాక్షాత్తు మా అక్క మొగుడని చెబితే ఆ పిల్ల నమ్ముతుందా? నా ఈడువాళ్లు మీరైతే నమ్ముతారు.

అప్పట్లో బావా నేనూ ఒకే పనివాళ్ల క్యాంపులో ఉండేవాళ్లం. అవాలి దగ్గర ఒక ఆటస్థలం చదును చేసి సున్నపు గీతలు వేసే పని మాకు పడింది. ఒక సాయంత్రం అక్కడ ఆడే రగ్బీ జట్టులో మనిషి తక్కువైతే, గీతలు వేస్తున్న బావ కండలు చూసి కోచ్ పెద్దాయన రమ్మన్నాడు. మా ఊళ్లో కబడ్డీ కూతకు వెళ్తే నలుగురిని ఈడ్చుకొచ్చిన మనిషి ఊరుకుంటాడా! నెల తిరిగేసరికి గల్ఫ్ జట్టు ఎంపిక ఆట దాకా వెళ్లాడు. మా క్యాంపంతా ఆయన మీదే ఆశ పెట్టుకుంది.

అక్కడే కొంప మునిగింది. ముగ్గురు పట్టి పడేస్తే, బావ అలవాటుకొద్దీ బంతి వదిలేసి, చెయ్యి చాచి గీత ముట్టి, గెలిచానని లేచి నిలబడ్డాడు. కబడ్డీలో అది చాలు. ఇక్కడ బంతిని నేలకు అదిమితేనే లెక్క. ఎదుటివాళ్లు ఆ బంతి తీసుకొని హాయిగా అటు చివరికి పరుగెత్తిపోయారు. "గీత ముట్టిన గద బామ్మర్ది, ఇంకేం గావాలె వీళ్లకు!" అని నామీద గయ్యిమన్నాడు, ఆ ఆట నేనే కనిపెట్టినట్టు. కోచ్ మాత్రం నవ్వి, ఇంకొక్క శుక్రవారం చూస్తానన్నాడు.

ఆ వారమంతా డ్యూటీ దిగగానే బావ చంకలో దిండు పెట్టి, క్యాంపు వాకిట్లో అందరం మీదపడేవాళ్లం. దిండు వదిలి ఉత్తచెయ్యి చాపితే ఆయనే అందరికీ చాయ్ పోయించాలి. మొదట్లో ఆ చాయ్ తాగలేక చచ్చాం. చివరికి చాయ్ బందైంది, బావకు చొక్కా వచ్చింది.

పరాయి దేశంతో ఆటలో మా జట్టు ఓడిపోయింది, దాచడమెందుకు? కానీ బావ ఒక్కసారి గీత దాటాడు. ఇద్దరు కాళ్లు పట్టుకొని వేలాడుతుంటే బంతిని రెండు చేతులా నేలకు అదిమి, రిఫరీ ఈల వేసినా లేవలేదు. మైదానం అంచున నిలబడ్డ మాకు ఏడుపాగలేదు, అంత సంతోషం.

ఇప్పుడు శుక్రవారాలు మనవాళ్ల పిల్లలు మంచి బూట్లు తొడుక్కొని, నియమాలన్నీ ముందే తెలుసుకొని ఆడుతుంటే చూడ్డానికి కడుపు నిండుతుంది; వాళ్లలో ఎవరో ఒకరు బావను దాటిపోతారు, పోవాలి కూడా. వాళ్లు ఆట నేర్చుకున్నాక నచ్చిన ఆటగాణ్ణి వెతుక్కుంటున్నారు. మేము మాత్రం మా మనిషి ఎక్కడ ఓడిపోతాడోనన్న బెంగతోనే ఆ ఆట నేర్చుకున్నాం.