చేటెడు తవుడు పోసి కొన్న పేరు

తిప్ప అంటే మా వైపు పెంటకుప్ప. ఆ మాట చివర అమ్మ అని చేరిస్తే నా పేరు వస్తుంది. చదువుకున్నన్నాళ్ళూ హాజరు పిలిచేటప్పుడు నా వంతు రాకముందే తల దించుకొనేదాన్ని. నేను పలికేది నాకే సరిగా వినిపించేది కాదు. కొత్తగా వచ్చిన సార్లు రెండోసారి పిలిచేవాళ్ళు. రెండోసారికి తరగతి అంతా నవ్వేది.

అందుకేనేమో, పేర్లకు అర్థాలు వెతికే అలవాటు పట్టుకుంది. లైబ్రరీలో నిఘంటువు తెరిచి, నా పక్కన కూర్చునే అమ్మాయిల పేర్లన్నీ చూసేదాన్ని. ఒకరిది తామర, ఒకరిది వాన, ఇంకొకరిది గెలుపు. ఇంటికొచ్చి డైరీలో రాసుకొనేదాన్ని. నా పేరు కోసం నిఘంటువు తెరవాల్సిన పని లేదు. ఊరు దాటగానే బాట పక్కన కనపడుతుంది, దాని మీద కోళ్ళు కూడా తిరుగుతుంటాయి.

మా ఇంటిపేరు ఇంకో రకం. అది యాడికి అనే ఊరికి అవతల ఉన్న ఒక పల్లె పేరు. ముత్తాత కాలంలో ఏదో కరువుకు అక్కడ నుంచి లేచి వచ్చారట. ఇప్పుడు మా ఇంట్లో ఎవరూ ఆ పల్లెను చూడలేదు. "ఆడ ఉన్నన్నాళ్ళు మనల్ని ఆ పేరుతో ఎవరు పిలుస్తారు? ఊరు వదిలినాకనే అది మన పేరయింది" అని నాయన అంటాడు. ఈ మాట కూడా డైరీలో ఉంది.

నా పేరు వెనక కథ మా వీధిలో అందరికీ తెలిసిందే. పుట్టిన బిడ్డలు నిలవకపోతే, తర్వాత పుట్టిన బిడ్డను తల్లి పెంటకుప్ప మీద పెట్టి వదిలేసినట్టు చేస్తుంది. పక్కింటామె వచ్చి ఎత్తుకొని, చేటెడు తవుడు పోసి కొంటుంది. బిడ్డ ఇప్పుడు ఆమెది. కన్నతల్లి ఊరికే పెంచిపెడుతుంది. చావు వెతుక్కుంటూ వచ్చినా, ఆ ఇంట్లో వాళ్ళ బిడ్డంటూ ఎవరూ ఉండరు కదా. పేరు కొన్నామెనే పెట్టాలి, ఎవరికీ ఆశ పుట్టని పేరు పెట్టాలి. నాకు ముందు ఇద్దరు పోయారని నాకు తెలుసు. అంతకు మించి మా ఇంట్లో ఎవరూ మాట్లాడరు. అమ్మ నన్ను పాపా అనే పిలుస్తుంది. నా పేరు అమ్మ నోట నేను ఎప్పుడూ వినలేదు.

ఈ జూన్‌లో రాయదుర్గంలో ఒక ప్రైవేటు స్కూల్లో తెలుగు టీచరు పని దొరికింది. డెమో క్లాసు అయ్యాక కరెస్పాండెంట్ సార్ నన్ను కూర్చోబెట్టి నీళ్ళు ఇచ్చాడు.

"పాఠం బాగా చెప్పినారు మేడం. గొంతు ఇంకొంచెం పెంచాల, అంతే. ఒకటే సమస్య ఉండాది. మీ పేరు."

నేను గ్లాసు వైపు చూశాను.

"మా పిల్లోళ్ళు మామూలోళ్ళు కాదు. ఆరో తరగతోళ్ళయితే మిమ్మల్ని ఆడుకుంటారు. సర్టిఫికెట్లు మార్చమనడంలే, బళ్ళో పిలిచేదానికి ఏదన్నా మంచి పేరు పెట్టుకోండి. సోమవారం ప్రేయర్లో మిమ్మల్ని పరిచయం చేయాల."

తలూపి వచ్చేశాను. తలూపడం నాకు ఎప్పుడూ సులభమే.

ఇంటికొచ్చి కాళ్ళు కడుక్కుంటూ ఈ మాట చెప్పానో లేదో, అమ్మ ఒక పేరు చెప్పింది. ఆలోచించలేదు, తడుముకోలేదు. వెన్నెల అని అర్థం వచ్చే పేరు.

"ఇది ఎక్కడిదమ్మా?"

"యాడిదైతే ఏమి? బాగుండాదా లేదా?"

బాగుంది. అద్దం ముందు నిలబడి పలికి చూసుకున్నాను. ఆ పేరు పలికితే నా గొంతు కూడా మెత్తగా వినిపించింది. అమ్మ ఆ సాయంత్రమే నాయన ఫోను తీసుకొని సారుకు చెప్పేసింది. ఫోనులో అంత గట్టిగా, అంత సంబరంగా అమ్మ మాట్లాడటం నేను చూడలేదు. తర్వాత పెట్టెలోంచి కొత్త చీర తీసి నా చేతిలో పెట్టింది.

"అవ్వకు ఇచ్చి, చెప్పి రా. కొన్న మనిషిని అడక్కుండా పేరు మార్చకూడదు."

నన్ను కొన్న అవ్వ మా పక్కింట్లోనే ఉంటుంది. ఈమధ్య కొన్నేళ్ళుగా చర్చికి పోతోంది. నేను వెళ్ళేసరికి గోనెసంచి పరుచుకొని విత్తనానికి శెనక్కాయలు ఒలుస్తోంది. ఒక వాన పడితే చాలు, ఊరంతా విత్తడానికి సిద్ధంగా ఉంది. నేనూ పక్కన కూర్చొని ఒలవడం మొదలుపెట్టాను.

"కొత్త చీర యాందుకే? నాకేమన్నా పెండ్లా?"

"పేరు మార్చుకుంటాండా అవ్వా. బళ్ళో పిల్లోళ్ళు నవ్వుతారంట."

"మార్చుకో. నాకేం అడ్డం? మా పాస్టరు కూడా ఇట్లాంటివి తప్పంటాడు. నేనేం దేవుని కోసం చేసినానా అయ్యా, ఆ తల్లి మొగం చూడలేక చేసినా, అని చెప్పినా. నోరు మూసుకున్నాడు." నవ్వి, ఒక కాయ నొక్కి పగలగొట్టింది. "ఏం పేరు పెట్టుకుంటాండావు?"

చెప్పాను.

అవ్వ చేతులు ఆగిపోయాయి. గింజలు చేటలో వేయడం కూడా మరిచిపోయింది.

"ఎవరు చెప్పినారే ఆ పేరు?"

"మాయమ్మ."

"మీయమ్మ నోటితోనే చెప్పిందా?" గింజలు చేటలో పోసి మళ్ళీ అంది. "అది మీ పెద్దక్క పేరు పాపా. పాకే బిడ్డ. మీయమ్మే ఏరి ఏరి పెట్టుకునింది ఆ పేరు. రెండోది పేరు పెట్టేలోపలే పోయింది. నువ్వు పుట్టినాక నేను చేటలో తవుడు తెచ్చి మీయమ్మ ఒడిలో పోసినా. అప్పుడు ఏమనింది తెల్సునా? అక్కా, పేరు కూడా నువ్వే పెట్టు, నేను ఏరుకుంటే నిలబడదు అనింది."

నా గోరు సందున పొట్టు గుచ్చుకుంది. తీసుకోలేదు.

"ఇన్నేండ్లకు మళ్ళీ ఏరుకునింది చూడు" అంది అవ్వ.

అవ్వ ఆ మాట మెచ్చుకోలుగానే అంది. నాకూ అలాగే అనిపించింది, అందుకే కష్టమైంది. వెనక్కి వచ్చే ఆ పది అంగల దూరంలో ఏమేమో ఆలోచించాను. ఆ పేరు వద్దంటే అమ్మ ఎంతో కాలానికి చేసిన ధైర్యాన్ని కాదన్నట్టే. సరే అంటే, పాకుతూ తిరిగిన ఒక బిడ్డకు ఈ లోకంలో మిగిలిన ఒక్కటీ నేను తీసేసుకున్నట్టు. ఆ బిడ్డకు ఫోటో లేదు. గుర్తుగా రాయి కూడా లేదు. ఉన్నదల్లా ఆ పేరే. అది కూడా సోమవారం నుంచి నాదే అయిపోతే, అమ్మ ఆ బిడ్డను తలుచుకొని పిలిచినా నేనే పలుకుతాను.

అమ్మ పొయ్యి దగ్గర రాగిసంకటి కెలుకుతోంది. నా ముఖం చూసి, అవ్వ ఒప్పుకోలేదనుకుంది.

"ఏమంటాది? వద్దనిందా?"

"అవ్వ వద్దనలేదు. నేనే వద్దంటాండా. అది అక్క పేరు, నేను తీసుకోను."

తెడ్డు ఆగలేదు. సంకటి అడుగంటుతుందని కాబోలు. నా వైపు చూడకుండానే అంది.

"అక్క అంటాండావు."

"అక్కనే కదా."

"ఇంతవరకు ఎవరూ అనలే ఆ మాట." కొంగుతో ముఖం తుడుచుకుంది. వెంటనే మామూలు గొంతు తెచ్చుకుంది. "పిల్లోళ్ళు నవ్వుతారు గదనే."

"నవ్వనీ."

"పని పోతే?"

ఫోను తీసుకొని పెరట్లోకి వెళ్ళాను. తెలియని వాళ్ళకు ఫోను చేయడమంటే నాకు చెమటలు పడతాయి. చెప్పాల్సింది ముందే రెండుసార్లు గొణుక్కొని నొక్కాను.

"సార్, సోమవారం నా పేరే చెప్పండి. నా సొంత పేరు."

"ఏంది మేడం, మీ అమ్మగారు అంత మంచి పేరు చెప్తే?"

"అది మా అక్కది సార్."

"అట్లయితే ఇంకోటి చూద్దాం. పేర్లకేం కరువా?"

"ఇంకోటి వద్దు సార్. నా పేరుతోనే వస్తా. లేదంటే రాను."

అటువైపు ఫ్యాను శబ్దం వినిపించింది.

"మీ ఇష్టం. క్లాసు అదుపు తప్పితే మాత్రం నా దగ్గరికి రావొద్దు" అని పెట్టేశాడు.

సోమవారం పొద్దున బస్సు కోసం రోడ్డు మీద నిలబడ్డాను. జీన్స్ కుట్టే యూనిట్లకు పోయే ఆడవాళ్ళు, కాలేజీ పిల్లలు రోడ్డు నిండా ఉన్నారు. వీధి మలుపులోంచి ఎవరో నా పేరు పూర్తిగా, గట్టిగా పిలిచారు. అందరూ తిరిగి చూశారు. అన్నం డబ్బా ఎత్తి చూపిస్తూ అమ్మ పరిగెత్తుకొస్తోంది. నేను గుర్తుపట్టడానికి కొంచెం సేపు పట్టింది. ఆ పేరు ఆ గొంతులో కొత్తగా ఉంది.

"చెవుడా ఏమే? పిలుస్తాంటే పలకవు" అని డబ్బా చేతిలో కుక్కి వెళ్ళిపోయింది.

ఆరో తరగతిలో బోర్డు మీద పెద్ద అక్షరాలతో నా పేరు రాశాను. చాకుపీసు విరిగింది, మిగిలిన ముక్కతో పూర్తి చేశాను. అనుకున్నట్టే నవ్వారు. వెనక బెంచీ ముందు మొదలుపెట్టింది, ముందు బెంచీ అందుకుంది. ఒక అమ్మాయి నవ్వుతూనే లేచి, "ఆ పేరు ఎందుకు పెట్టినారు మేడం?" అంది.

"నేను బతకాలని" అన్నాను.

ఇంకా నవ్వు అణగలేదు. తల దించుకోలేదు నేను. చేతికంటిన పొడి దులుపుకొని, వాళ్ళు నిమ్మళించే దాకా నిలబడి, గొంతు ఇంకొంచెం పెంచి మా అవ్వ చేట దగ్గర నుంచి చెప్పడం మొదలుపెట్టాను.