మేడ మీద పిలవాల్సిన పేరు

ఆంధ్రప్రదేశ్ ఏర్పడిన మరుసటి ఏడు, వానలు వెనకబట్టే రోజుల్లో, నన్ను చొప్పదండి కేంద్రానికి మూడో తరగతి ఆకాశ పరిశీలకురాలిగా వేశారు. అది నా అత్తగారి ఊరు. మావారు మందమర్రి బొగ్గుబావిలో గుమాస్తా, ఆదివారాలు వచ్చిపోయేవారు. ఇంట్లో నేనూ, మా అత్తా ఉండేవాళ్లం.

మా శాఖ పని ఇప్పటివాళ్లకు తెలియకపోవచ్చు. అప్పట్లో కరీంనగర్, ఆదిలాబాద్ జిల్లాల్లో నేతవాడలున్న ఊళ్ల మీద, వానాకాలం చివర, పొద్దు వాలుతుండగా నింగిమగ్గం నిలిచేది. మొదట పడమటి నుంచి తూర్పుకు రంగురంగుల గీతలు సాగేవి. దాన్ని పడుగు అనేవాళ్లం. కాసేపటికి ఒక వెలుగు ఆ గీతలకు అడ్డంగా, మగ్గంలో పోగు మోసే నాడెలాగా అటూ ఇటూ తిరగడం మొదలుపెట్టేది. అది పేక. పేక ఆడుతున్నంతసేపు కింద ఏ మగ్గమూ ఆడకూడదు. ఆడితే, ఆ సమయంలో నేసిన బట్టలోని రంగూ, మగ్గం మీద నేయకుండా మిగిలిన నూలు రంగూ పైకి వెళ్లిపోయేవి. బట్ట తెల్లగా మిగిలేది. తర్వాత ఏ రంగులో ముంచినా పట్టేది కాదు.

పడుగు నిలవడానికీ పేక మొదలవడానికీ మధ్యనున్న వ్యవధిలోనే మా పని. నిజాం కాలంలో డప్పు కొట్టించేవారట. గుంట మగ్గంలో కూర్చున్నవాడికి ఆ డప్పు దేనికి మోగుతోందో తెలిసేది కాదు. అందుకని నియమం మార్చారు. పరిశీలకులు కచేరీ మేడ ఎక్కి, రేకు గొట్టంలోంచి ఒక్కొక్క నేతగాడినీ పేరు పెట్టి పిలవాలి. అతను మగ్గం ఆపి "ఆపిన" అని జవాబివ్వాలి. ఆకతాయి పిల్లలు వీధుల్లో ఉత్తుత్తి కేకలు పెట్టి పని చెడగొడుతున్నారని, మేడ మీంచి తమ పేరు వినిపిస్తే తప్ప ఏ కేకకూ, ఎవరి మాటకూ మగ్గం ఆపవద్దని నేతవాడ వాళ్లు కట్టుబాటు చేసుకున్నారు.

నేను పుస్తకాల్లో తల దూర్చి పెరిగినదాన్ని. నలుగురిలో నోరు పెగిలేది కాదు. ఆ కేకలు మా చప్రాసీ మహబూబ్ మియా వేసేవాడు. నేను శాఖ ఇచ్చిన నల్లద్దంలోంచి పడుగు చూసి చెప్పేదాన్ని, ఆయన గొట్టం అందుకునేవాడు. నియమం ప్రకారం పిలవాల్సింది నేనే. అయినా ఈ ఏర్పాటు ఇద్దరికీ బాగానే ఉండేది.

తూర్పు వాడలో చివరి మగ్గం మల్లేశం అనే ఆయనది. ఆయన భార్య నర్సవ్వ చల్ల కోసం మా ఇంటికి వచ్చేది. వచ్చినప్పుడల్లా ఒకటే ముచ్చట.

"మీ బావ ఊరందరికి నేసిండు చెల్లె. నా ఒంటి మీదికి గిదే మొదటి చీర. ఎరుపు జూస్తే కండ్లు చెదురుతయ్. ఇగ కొంగు నేసుడే మిగిలింది."

మావారి పేరూ మల్లేశమే. పెనిమిటి పేరు ఆడవాళ్లు నోటితో పలకరాదు. రాయడానికి అడ్డు లేదు గనుక ఇక్కడ రాస్తున్నాను.

ఆ సాయంత్రం మహబూబ్ మియా జ్వరంతోనే మేడ ఎక్కాడు. గొంతు పూర్తిగా పోయింది. పడుగు నిలిచింది. ఏటా లాగే ఆ వింత చూడటానికి మేడ కింద జనం చేరారు. వాళ్లలో మా అత్త ఉంది, నర్సవ్వ ఉంది. గొట్టం నేనే తీసుకున్నాను. మొదటి పేరు పిలిచినప్పుడు నా గొంతు నాకే కొత్తగా వినిపించింది. ఒక్కొక్క ఇంటి నుంచీ "ఆపిన" అని వస్తూ ఉంటే కాస్త ధైర్యం వచ్చింది. చివరికి ఒకే ఒక మగ్గం చప్పుడు మిగిలింది.

"తూర్పు వాడ చివరి మగ్గం!" అన్నాను. చప్పుడు ఆగలేదు.

"నర్సవ్వ ఇంటాయనా!"

కింద నవ్వులు లేచాయి. "గాయనకు పేరు లేదా పిల్లా?" అని ఎవరో మగమనిషి అడిగాడు. "ఎట్ల జెప్తది? ఆమె మొగని పేరు సుత గదే గదా!" అని ఒక ముసలమ్మ అంది. ఈసారి నవ్వు ఇంకా పెద్దది. మా అత్త కొంగు నోటికి అడ్డం పెట్టుకుని నేల చూస్తోంది.

మహబూబ్ మియాకు గొట్టం ఇచ్చాను. గాలి తప్ప ఏమీ రాలేదు. తిరిగి నా చేతికే ఇచ్చి, "అమ్మా, జర జల్ది. పేక దిగుతున్నది," అని గుసగుసలాడాడు.

నర్సవ్వ జనాన్ని తోసుకుని మేడ కిందికి వచ్చింది.

"నేనైతే పిల్వరాదు. నువ్వన్న పిలువు చెల్లె! నా కొంగు పోతది!"

అని, అక్కడ నిలవలేక ఇంటి వైపు పరుగు తీసింది. నేను తల ఎత్తేసరికి వెలుగు పడుగు మీదికి దిగి తిరుగుతోంది. అప్పుడు పిలిచాను.

"మల్లేశం!"

నవ్వులు ఆగిపోయాయి. దూరంగా "ఆపిన" అని వినిపించింది.

ఇంటికి వెళ్తుంటే మా అత్త నాకంటే ముందు నడిచింది. గడప దాటాక అంది: "మొగని పేరు ఊరంత ఇనేటట్టు ఒర్లినవ్. రేపు బాయికాడ నా మొఖం ఎట్ల సూపియ్యాలె?" ఆదివారం వచ్చిన మావారు నవ్వారు. "మా మేనేజర్ సుత నన్ను గంత గట్టిగ పిలువలే," అన్నారు. నేను కొన్నాళ్లు బయటికి వెళ్లడానికి సిగ్గుపడ్డాను. పేరు పలికినందుకే ఆ సిగ్గు. మరొకటి తోచలేదు.

కొన్నాళ్లకు నర్సవ్వ మా వాకిట్లోంచి ఆ ఎర్ర చీర కట్టుకుని వెళ్లింది. తెల్లబడిన మేర కోసేశారు. కొంగు భుజం దాటి రాలేదు.

"నెత్తి మీద కొంగు లేకుంట గట్ల తిరుగుడేందే?" అని మా అత్త అడిగింది.

"కొంగు యాడిదత్తా? మీ కోడలు పిల్చేదాక నేస్తనే ఉండె. మిగిలింది గింతే."

ఆమె నా వైపు చూడలేదు. చల్లకు మళ్లీ రాలేదు. పలికినందుకు కాదు, తడబడిన ఆ కాసేపటికి సిగ్గుపడాలని ఆ రోజు తెలిసింది. శాఖ నన్ను సంజాయిషీ అడగలేదు. ఒక కొంగు మేర నష్టం మా లెక్కలో నష్టం కాదు.

తర్వాత పెద్దపల్లిలో పర్యవేక్షకురాలినయ్యాక, కొత్తగా చేరిన అమ్మాయిలకు నల్లద్దం చేతికివ్వక ముందే భర్త పేరు, మామ పేరు గొట్టంలోంచి పిలిపించేదాన్ని. కొందరు ఏడ్చేవారు. ఒకామె ఉద్యోగమే మానుకుంది. ఎవరికీ మినహాయింపు ఇవ్వలేదు. పిలవాల్సిన పేరు ముందే నోటికి అలవాటు కావాలి. పడుగు నిలిచాక అలవాటు చేసుకునే వ్యవధి ఉండదు.