మూతమ్మ మూత

ఆవిడ అసలు పేరు ఊళ్ళో ఎవరికీ గుర్తులేదు. ఉడుకుతున్న కూడు మీద మూత ఎవరినీ ఎత్తనివ్వదు కాబట్టి మూతమ్మ. ఆత్రంగా చెయ్యి చాపితే చాలు, గరిట కాడతో ఒక్కటి వేసేది. ఆ ఊరి మగవాళ్ళలో చాలామందికి మణికట్టు మీద చిన్నప్పటి జ్ఞాపకం ఒకటి ఉంటుంది.

ఆ ఊరికి రెండు చందమామలు. ఏడాది పొడుగునా ఎడమొహం పెడమొహంగా తిరిగి, ఒక్కరోజు మాత్రం పట్టపగలు, అందరూ చూస్తుండగా ఒకదాన్నొకటి ఆనుకుంటాయి. ఆ రోజు ఊరంతటికీ ఒకటే పొయ్యి, ఒకటే వంట. దాని పేరు గుప్పెడుకూడు. మంచులో మాత్రమే పండే నీలిగింజలు ఇంటికో గుప్పెడు తెచ్చి రాతిగుండిగలో పోస్తారు. ఎవరి గుప్పెడూ కాదనకుండా వండితే గింజ మెత్తబడి బంగారు రంగు తిరుగుతుంది. ఒక్క చేతిని వెనక్కి తిప్పి పంపారా, అడవంతా తగలబెట్టినా సరే, నీలంగా గులకరాళ్ళలా ఉండిపోతుంది. దానికి రోషం ఎక్కువ అనేది మూతమ్మ అత్తగారు.

ఆ అత్తగారు సామాన్యురాలు కాదు. కొత్తకోడల్ని చాలాకాలం గరిట ముట్టుకోనివ్వలేదు, పొగలో కూర్చోబెట్టింది. "పొగకి కళ్ళు తుడుచుకునేదానివి పొయ్యి దగ్గరికెందుకొచ్చావే?" అనేది. పోయేముందు మాత్రం తన పుట్టింటి నుంచి తెచ్చుకున్న పెద్ద ఇత్తడి మూతని కోడలి ఒళ్ళో పెట్టి, "గుండిగ ఊరిది, గరిట ఊరిది. ఇది మాత్రం మనది, జాగ్రత్త" అంది. ఆ మూత బిగిస్తేనే ఆవిరి నిలిచి నీలిగింజ ఉడుకుతుంది.

అలా అత్త పొయ్యి మూతమ్మకొచ్చింది. తరవాత మొగుడు పోయాడు, మోకాళ్ళు పట్టేశాయి, కొడుక్కి పెళ్ళయి ఇంట్లో పెత్తనం కోడలి చేతికెళ్ళింది. అయినా పండుగ పూట ఆ పొయ్యి ముందు మూతమ్మే మహారాణి. ఆవిడ ఆస్తంతా ఆ చోటే. అది పోతే ఇంక దేనికోసం లేవాలో ఆవిడకే తెలియదు.

ఆ చోటుకే ముప్పు వచ్చింది, పడవక్క వల్ల.

పడవక్క రేవులో పడవ నడుపుతుంది. ఆ నది పొద్దున దిగువకీ సాయంత్రం ఎగువకీ పారుతుంది కాబట్టి పడవ నడపడం అందరివల్లా అయ్యే పని కాదు. మొన్న వరదలో ఊరి పెద్దాయన బట్టల పెట్టెలు ఒడ్డునే వదిలేసి, మిట్ట మీద చిక్కుకున్న గొర్రెలకాపరి కుటుంబాన్ని ఎక్కించుకుంది. పెట్టెలు నదిపాలయ్యాయి. పెద్దాయన పెట్టెల్ని మర్చిపోయాడు గానీ, "మీ పెట్టెలేం ఏడవడం లేదు కదండీ" అని అందరి ముందూ ఆవిడ అన్న మాట మర్చిపోలేదు.

పండుగ రోజు పడవక్క పిడికిట్లో గింజలతో వరుసలో నిలబడింది. గుండిగ దాకా వచ్చేసరికి పెద్దాయన చేతికర్ర అడ్డం పెట్టాడు.

"ఊరి మాట విననివాళ్ళ గింజ ఊరి గుండిగలో పడదు."

"ఊరి మాటా, మీ మాటా?"

కర్ర కదల్లేదు. వరుసలో అందరికీ ఉన్నట్టుండి తమ కాళ్ళ మీద ఆసక్తి కలిగింది. పడవక్క పిడికిలి బిగించుకుని వెనక్కి తిరిగింది.

"ఆ చెయ్యి వెనక్కెళ్తే ఇది ఉడకదండీ" అంది మూతమ్మ.

"ఉడికించడం నీ పని. ఉడక్కపోతే చేతకానితనం నీది."

మూతమ్మకి ఒళ్ళు మండింది. అయినా పళ్ళు బిగబట్టి మంట ఎగదోసింది. చందమామలు దగ్గరపడే వేళకి మూత ఎత్తి చూస్తే గింజ నీలంగానే ఉంది. పెద్దాయన అద్దకంపనివాణ్ణి పిలిపించాడు, వాడు ముంత నిండా పసుపుపచ్చ రంగు తెచ్చాడు.

"కలిపెయ్. ఎవరికి తెలుస్తుంది?"

"నమిలితే తెలుస్తుంది."

"పండుగ పూట మింగేస్తారులే. ఈ పొయ్యి దగ్గర ఉండాలని ఉందా, లేదా నీకు?"

కోడలు చెయ్యి పట్టుకుంది. "అత్తయ్యా, ఈ ఒక్కసారికి సర్దుకుపోండి. ఈ చోటు పోతే మీరు తట్టుకోలేరు."

ఆ మాట నిజం. అందుకే మూతమ్మ కళ్ళు నిండాయి. ఆ పొయ్యి దగ్గర ఆవిడ కళ్ళు తుడుచుకోవడం ఊరు చూడటం అదే మొదలు.

"పొగ కాదే" అంది కోడలితో. గరిట గుండిగ అంచు మీద పెట్టింది. గుడ్డ చుట్టి మూత ఎత్తుకుంది. "గుండిగ మీది, గరిట మీది, రంగూ మీదే. మూత నాది. ఇక్కడ మీ పప్పులుడకవు."

రేవులో పడవక్క బోర్లించిన పడవ మీద కూర్చుని ఉంది. పిడికిలి ఇంకా విప్పలేదు.

"జాలిపడి వచ్చావా పిన్నీ?"

"జాలా! కోపమొచ్చి వచ్చాను. పొయ్యెక్కడ?"

పడవక్క నీళ్ళు కాచుకునే కుండలో ఆవిడ గుప్పెడు, మూతమ్మ కొంగుముడిలోని గుప్పెడు పడ్డాయి. అంత మూత ఆ బుల్లి కుండకి గొడుగు పట్టినట్టుంది. అయినా గింజ ఉడికింది. బంగారు రంగు తిరిగి, వాసన గాలిమీద ఊళ్ళోకి ఎక్కింది.

ముందు గొర్రెలకాపరి కుటుంబం దిగింది. ఆ వెనకే కోడలు, మొహం ఎక్కడ పెట్టుకోవాలో తెలియక, తమ ఇంటి డేగిసా చంకనెత్తుకుని వచ్చింది.

"అక్కడ పొయ్యి ఆరిపోయింది అత్తయ్యా."

"ఆరనీ. ఇక్కడ వెలుగుతోందిగా."

ఇంటికొకరు చొప్పున మళ్ళీ గుప్పెడు పట్టుకుని వస్తూనే ఉన్నారు. పొయ్యి పడవక్కది కాబట్టి గింజలన్నీ ఆవిడ దోసిట్లో పోశారు, ఆవిడ డేగిసాలోకి వంచింది. గరిట లేదు, మూతమ్మ పడవ తెడ్డు కడిగి దానితోనే కలిపింది. డేగిసా మీద మూత చక్కగా కూర్చుంది.

అందరికంటే చివర పెద్దాయన వచ్చాడు, ఒక చేతిలో కర్ర, ఇంకో చేతిలో చిన్న గింజల మూట. ఊరంతటికీ ఒక్కసారిగా నోరొచ్చింది. "పొమ్మను! వెనక్కి పొమ్మను!" ఎవరో భుజం పట్టి తోశారు కూడా.

మూతమ్మ తెడ్డుతో డేగిసా మీద ఠంగున కొట్టింది. "తప్పుకోండి! ఆవిణ్ణి పంపేసినప్పుడు లేవని నోళ్ళు ఇప్పుడెందుకు? ఎవరి చెయ్యి వెనక్కెళ్ళినా ఉడకదు. రానివ్వండి."

పెద్దాయన తేలిగ్గా ఊపిరి పీల్చుకుని మూట మూతమ్మకి అందించబోయాడు.

"నాకు కాదు. ఆవిడ చేతిలో పొయ్యండి."

పడవక్క దోసిలి పట్టుకుని నిలబడింది. పెద్దాయన ఒంటిచేత్తో ముడి విప్పబోయాడు, రాలేదు. కర్ర పట్టుకోమన్నట్టు చుట్టూ చూశాడు. ఎవరూ చెయ్యి చాపలేదు.

"కింద పెట్టండి" అంది మూతమ్మ. "ఈ పనికి రెండు చేతులూ కావాలి."

ఆయన వంగి కర్రని బురదలో పెట్టాడు.