మామ కోసం తీసిన సినిమా

పుంగనూరులో మా మేనమామకు బట్టలంగడి ఉండేది. ఆయనకు చిన్నప్పటి నుంచీ నత్తి. 'పట్టుచీర' అనాలంటే 'ప' దగ్గరే ఆగిపోయేవాడు. కళ్లు గట్టిగా మూసుకుని, బల్ల మీద వేలితో రెండుసార్లు కొట్టేవాడు. అప్పుడు గానీ మాట బయటికి వచ్చేది కాదు.

నా మొదటి సినిమాలో ఆ కళ్లు మూసుకోవడం, ఆ వేలితో కొట్టడం తీసుకెళ్లి హాస్యనటుడికి ఇచ్చాను. జనం విరగబడి నవ్వారు. తర్వాతి రెండు సినిమాల్లోనూ అదే నటుడు, అదే నత్తి. నన్ను కామెడీ డైరెక్టర్ అన్నారు. నేనూ మురిసిపోయాను.

మూడోది ఆడుతుండగా మదనపల్లెలో మా ఇంటికి వెళ్లాను. మామ అంగడి మూసేసి కుప్పంలో కూతురి దగ్గరికి వెళ్లిపోయాడని అమ్మ చెప్పింది.

"యాలమ్మా? బేరం లేకనా?"

"బేరానికేమప్పా, బాగానే ఉండె. వచ్చినోళ్లంతా బల్ల మీద కొట్టి నవ్వేది మొదలుపెట్టిరి. నీకు చెప్పొద్దన్యాడు."

ఆ రోజే అనుకున్నాను, నత్తి ఉన్న మనిషి కథ నవ్వు లేకుండా తీయాలని. రెండేళ్లు తిరిగాను. కథ విన్న ప్రతి నిర్మాతా కళ్లు తుడుచుకుని, "మరి కామెడీ ఎక్కడ పెడదాం?" అనేవాడు. చివరికి ఒకాయన ఒప్పుకున్నాడు, హీరోగా ఆ హాస్యనటుడే ఉండాలన్న షరతు మీద. విసిగిపోయి సరేనన్నాను.

ఆ నటుడు ప్రాణం పెట్టి చేశాడు. ఒక సీన్లో అతని భార్య కింద పడిపోతుంది. అతను అంబులెన్సుకు ఫోన్ చేస్తాడు. ఊరి పేరు చెప్పాలి, నోరు పెగలదు. ఆ సీను తీసినప్పుడు సెట్లో ఎవరూ కదల్లేదు.

విడుదల రోజు మదనపల్లె థియేటర్లో వెనక వరసలో కూర్చున్నాను. ఆ సీను వచ్చింది. అతను ఫోన్ పట్టుకుని కళ్లు మూసుకున్నాడో లేదో, హాలంతా గొల్లున నవ్వింది. ఈలలు. బయటికి వస్తుంటే ఒకాయన నా చెయ్యి పట్టుకుని, "సూపర్ సార్, కడుపుబ్బా నవ్వినాం" అన్నాడు. అరవాలనిపించింది. కానీ అలా నవ్వమని మూడు సినిమాలుగా నేర్పింది నేనే కదా! వారం తిరక్కుండానే పక్కనున్న అంగళ్లు ఊరి కాలేజీ పిల్లలు ఆ ముక్కను కత్తిరించి, వెనక డప్పు మోత కలిపి ఫోన్లలో పంచుకున్నారు.

థియేటర్లలోంచి సినిమా తీసేసేలోపు మామకు చూపించాలని కుప్పం వెళ్లాను. మధ్యాహ్నం ఆటకు తీసుకెళ్తే హాల్లో పట్టుమని పదిమంది లేరు. ఎవరూ నవ్వలేదు, ఏడవనూ లేదు. మామ కదలకుండా చూశాడు.

బయట ఎండలో నిలబడి అడిగాను. "ఎట్లుండాది మామా?"

"బ... బాగానే తీసినావు." ఎండకు చెయ్యి అడ్డం పెట్టుకున్నాడు. "ముందు న... నన్ను సూసి నవ్విరి. ఇంగ అయ్యో పా... పాపం అంటారు. యాలప్పా? నన్ను ఊరికే వదిలిపెట్టకూడదా?"

"తప్పయిందని చెప్పేదానికే తీసినా మామా."

"ఇంటికొచ్చి చె... చెప్పింటే సాలు కదప్పా. దానికి సినిమా యాల?"

అక్కడే, బస్సుల హారన్ల మధ్య, తప్పయింది మామా అన్నాను. ఆయన తలూపి, "కూ... కూతురు అన్నం సేసిపెట్టింది, రా" అని ముందు నడిచాడు. భోజనాల దగ్గర ఆ ఊరి నీళ్ల గురించి, మనవరాలి చదువు గురించి మాట్లాడాడు. సినిమా ఊసే ఎత్తలేదు.

ఒక్క మాటతో అయిపోయే పనికి అన్నేళ్లు, అంతమంది కష్టం పెట్టానన్న చిరాకు ఇప్పటికీ పోలేదు. మొన్న ఇద్దరు నిర్మాతలు ఫోన్ చేశారు. ఇద్దరూ కామెడీయే కావాలన్నారు. ఆలోచించి చెబుతానన్నాను. ఇంకా చెప్పలేదు.