తొమ్మిది దినాల ఉద్యోగం

కోవిల్‌పట్టిలో పొద్దున రైలెక్కితే, ఎదురుగా కూర్చున్న పెద్దాయన ఒళ్ళో ఎండిపోయిన చామంతి దండ కనిపించింది. పసిబిడ్డను పట్టుకున్నట్టు పట్టుకున్నాడు. నేను చూడటం గమనించి నవ్వాడు.

"తాలూకా ఆఫీసులో నన్ను ఇంటికి పంపేటప్పుడు వేసింది, తమ్ముడా. పెద్ద కరువుకు ముందే పుట్టినానని తప్పు రాసుకొని, యాబై అయిదు నిండిందని తరిమినారు. కరువు పోయి వాన పడినంకనే గదా మా అమ్మ నన్ను కనింది!"

కలెక్టరు అప్పీలు కొట్టేశాడట, పైబోర్డూ కొట్టేసిందట. చివరికి కోర్టు ఆయన తాటాకు జాతకాన్ని నమ్మి, వయసు మూడేళ్ళు తగ్గించి, ఉద్యోగం తిరిగి ఇమ్మంది. తీర్పు నకలు చూపించాడు.

లెక్కలు నాకు పత్తి తూకాల దగ్గర అబ్బినవి. పుట్టినతేదీ చూడగానే వేళ్ళు మడిచాను.

"అయ్యా, ఆ మూడేళ్ళూ కేసులోనే పోయినాయే. మీకింక తొమ్మిది దినాలు, అంతే!"

అన్నాక నాలుక కరుచుకున్నాను. ఆయన పకపకా నవ్వాడు.

"నా కుర్చీలో కూర్చున్నోడు లేచేదానికి ఒక దినం చాలు. మిగతా ఎనిమిదీ లాభమే!"

"మరి ఈ దండ?"

"వేసినోళ్ళకే తిరిగిస్తా. తొమ్మిదోనాడు వాళ్ళు నాకు కొత్తది కొనల్ల!"

విరుదునగర్‌లో బండి పూర్తిగా ఆగకముందే దిగి, దండను తలపైకెత్తుకుని జనంలో నడిచిపోయాడు.

ఇప్పటికీ ఎవరికైనా మిగిలింది లెక్కగట్టి చెప్పేటప్పుడు, అంకె చెప్పి ఊరుకుంటాను. చివర 'అంతే' అనను.