ధర చెప్పని కోర్టు

నాచారం ఇండస్ట్రియల్ ఏరియాల సెలైన్ బాటిళ్లు తయారుచేసే చిన్న కంపెనీల నేను సూపర్‌వైజర్‌ను. మా ఓనర్‌ను అందరం ఓనరన్న అనే పిలుస్తం, ఆయన నన్ను చెల్లె అంటడు. సెలైన్ ఇంతకు మించి అమ్మొద్దని ఢిల్లీల సర్కారే ధర ఖాయం చేస్తది. బాటిళ్లకు కరిగించే ప్లాస్టిక్ దాణా రేటు మస్తు పెరిగింది గానీ ఆ ధర కదలలే. పెంచమని ఓనరన్న పెట్టిన దరఖాస్తుకు జవాబే రాలే. రెండో షిఫ్టు బంద్ అయింది. ఇంక కంపెనీకే తాళమేస్తరేమోనని ప్యాకింగ్ ఆడోళ్లు కనపడ్డప్పుడల్లా నన్నే అడుగుతుండిరి.

ఆఖరికి ఓనరన్న హైకోర్టుల కేసేసిండు. పని సంగతులు వకీలుకు చెప్పేందుకు నన్ను గూడ తీస్కపోయిండు.

మా వకీలు ఖర్చులన్నీ చెప్పి, కొత్త ధర మీరే ఖాయం చెయ్యున్రని జడ్జిని అడిగిండు. సర్కారు వకీలు లేచి, దవాఖానలల్ల ఉన్న పేదోళ్ల మాటెత్తిండు. నాకు ఆయన మీద కోపం రాలే. అంతకుముందు వానకాలం మా అమ్మకు డెంగీ వస్తే ఉప్పల్‌ల ఒక దవాఖానల ఉన్నం. పక్క మంచం ముసలాయన పైన వేలాడే బాటిల్‌నే చూస్తూ, "ఇంకెన్ని బాటిళ్లు కొనుమని రాస్తరు బిడ్డా?" అని నన్నడిగిండు.

జడ్జి ఇంగ్లీషుల చెప్పిన తీర్పును మా వకీలు వరండాలకొచ్చి మాకు తెలుగుల చెప్పిండు.

"ధర ఎంతుండాలె అన్నది కోర్టు పని కాదంట. సర్కారు చట్టం ప్రకారం నడిచిందా, ఇష్టమొచ్చినట్టు చేసిందా, గంతే సూస్తరంట. ధర మీద మన కేసు కొట్టేసిన్రు."

ఓనరన్న మొఖం వాడిపోయింది. "అంటే ఓడినట్టే గద సార్?"

"పూర్తిగ కాదు. దరఖాస్తును పక్కకు పడేసుడు మాత్రం తప్పన్నరు. మిమ్మల్ని పిలిచి, మీ మాట విని, కారణాలు రాసి జవాబియ్యమని సర్కారుకు గడువు పెట్టిన్రు."

కారుల వాపసు వస్తుంటిమి. హబ్సిగూడ సిగ్నల్ కాడ ఓనరన్న, "గిందుకా చెల్లె, మనం గింత దూరం పోయింది?" అన్నడు.

"వాళ్లు వింటలేరనే గద పోయింది. ఇప్పుడైతే వినాల్సిందే గద" అని చెప్పిన. ధైర్యమైతే చెప్పిన గానీ నాకే నమ్మకం లేకుండె.

గడువు లోపల్నే, ధరలు చూసే ఢిల్లీ ఆఫీసరమ్మ ఒకామె వీడియో కాల్‌ల మా మాట విన్నది. సప్పుడు సక్కగ వినపడాలని ఫ్యాన్ బంద్ చేసి, చెమటలల్ల కూసున్నం. దాణా బిల్లులే కాదు, టెస్టుల ఫెయిలైన బాటిళ్లను ఏం చేస్తరని గూడ అడిగింది. ఓనరన్న ఇంగ్లీషుల తడబడుతుంటే హిందీల చెప్పమన్నది. ఇగ ఆయన ఆగితే ఒట్టు.

కొన్ని వారాలకు ఆర్డర్ వచ్చింది. మేం అడిగినంత ఇయ్యలే, జర పెంచిన్రు. ఎందుకంతే పెంచిన్రో గూడ రాసిన్రు. ఓనరన్న చదివి కుర్చీల వెనక్కి వాలిండు.

"పెద్దగ మిగలదు చెల్లె. గానీ కంపెనీ నడుస్తది."

కిందికి దిగి ప్యాకింగ్‌ల చెప్తే ఒకామె అక్కడ్నే కూలబడి ఏడ్చింది. ఆమెను చూసి మిగిలినోళ్లు నవ్విన్రు, వాళ్ల కండ్లల్ల గూడ నీళ్లే.

ఆ ఐతారం సెలవునాడు ఏఎస్ రావు నగర్‌కు పోయి, నౌకరి ఉంటదో ఊడుతదోనని అన్ని రోజులు వాయిదా వేసుకుంటొచ్చిన కోచింగ్‌ల మా బిడ్డను చేర్పించిన.